విదేశాలకు పంపే మృదంగం: భీమవరం దుకాణంలో ఏది కొనాలి, ఏది వద్దు

అమెరికాలో ఉన్న మనవడికి మృదంగం పంపాలంటే భీమవరం, పాలకొల్లు వైపు వాళ్లు ఈ చిన్న దుకాణానికే వస్తారు. పనితనానికి వంక పెట్టలేం. పనస చెక్క బాగా ఆరినది, ఎక్కడా పగులు లేదు. వలంతల (కుడిచేత్తో వాయించే తోలు ముఖం) మీద నల్లరాయి పొడి, అన్నం కలిపిన ముద్దని పల్చటి పొరలుగా రుద్దుతారు, ఒకటి ఆరాకే ఇంకొకటి. వానాకాలంలో తొందరపెడితే ఆ ముద్ద పెచ్చులూడిపోతుంది. శ్రావణంలో ఆర్డరిస్తే ఆలస్యానికి సిద్ధపడండి.

చిక్కల్లా వాళ్లు అంటగట్టే రకంతోనే. సంప్రదాయమంటూ తోలువార్ల మృదంగమే ముందుకు తోస్తారు. ఇక్కడైతే సరే, వదులైతే మళ్లీ తెచ్చి బిగించుకోవచ్చు. డాలస్‌లో తోలు మూతలు వేసేవాళ్లు ఏ మూల దొరుకుతారు? గోదావరి తేమలో శ్రుతి చేసినది అక్కడ చలికాలం హీటరు గదిలో ఎండి బిగుసుకుంటుంది. శ్రుతి పైకి పోతుంది, ముద్ద బీటలిస్తుంది. అందుకే వార్ల బదులు బోల్టులతో బిగించేదే అడగండి. స్పానరుతో పిల్లాడే సరిచేసుకుంటాడు, మూత పోతే విప్పి మార్చుకుంటాడు. బరువెక్కువ, నాదం అంత బాగుండదని విద్వాంసులు పెదవి విరుస్తారు గానీ నేర్చుకునేవాళ్లకి అది పట్టించుకోవాల్సినంత లోటు కాదు. వలంతల మూతలు రెండు అదనంగా తీసుకోండి.

శ్రుతి ముందే చెప్పాలి. ఆడపిల్లల పాటకి ఐదు శ్రుతి (పై స్థాయి), 22 అంగుళాలది. మగ గొంతుకి ఒకటి శ్రుతి (కింది స్థాయి), 24 అంగుళాలది. చెప్పకపోతే పెద్దదే కట్టిస్తారు, దాన్ని ఐదుకి లాగితే మూత చిరుగుతుంది. 1978 నుంచి ఈస్టర్ రోజుల్లో జరుగుతున్న క్లీవ్‌లాండ్ త్యాగరాజ ఉత్సవంలో తెలుగు చదవడం రాని పిల్లలూ కీర్తనలు తెలుగులోనే పాడతారు. అంత కష్టపడి నేర్చుకున్న పాట పక్కన తప్పుడు కొలత మృదంగం పెట్టడం అన్యాయం. డబ్బు ఇచ్చేముందు వలంతల చుట్టూ 16 కళ్ల (వార్లు దూరే చోట్ల) దగ్గరా మీటి వినండి. ఒక్కచోట తేడా వచ్చినా అక్కడికక్కడే సరిచేయించండి.

ప్యాకింగ్ మాత్రం దారుణం. ఎడంతల (ఎడమ వైపు ముఖం) మీద వాయించడానికి అంటించిన రవ్వ ముద్ద గీకకుండానే గోనెలో చుట్టేస్తారు. అది పులిసి తోలుని పాడుచేస్తుంది. ఆస్ట్రేలియా వెళ్లేదైతే తోలు, చెక్క వస్తువులు డిక్లేర్ చేయాలి, తిండి పదార్థం అంటుకుని ఉంటే అసలే ఇబ్బంది. తడిగుడ్డతో తుడిచి, నీడన ఆరబెట్టి, గట్టి పెట్టె మీరే కొనుక్కోండి.

కోనసీమ నుంచి కువైట్ వెళ్లినవాళ్లు భజనలకి అడిగే ఢోలక్‌లూ ఇక్కడ ఉన్నాయి, కానీ నాసిరకం. వాటికి ఇంకో చోటు చూసుకోండి.