రెడ్‌మీ నోట్ 4: ఫ్లాష్ చేసి, విప్పి, ఇంకా వాడుతున్నా

2017 జనవరిలో మన దేశంలో అమ్మకానికొచ్చిన ఫోన్. స్నాప్‌డ్రాగన్ 625 ప్రాసెసర్, 4100 ఎంఏహెచ్ బ్యాటరీ. కంపెనీ వైపు నుంచి కథ మీయూఐ 11తో (ఆండ్రాయిడ్ మీద షావోమీ వేసే సొంత సాఫ్ట్‌వేర్) ముగిసింది, అదీ ఆండ్రాయిడ్ 7 మీదే. ఫోన్ రాయిలా ఉంది, యాప్‌లే ఒక్కొక్కటిగా మొహం చాటేశాయి. అందుకే కంపెనీ సాఫ్ట్‌వేర్ తీసేసి లీనేజ్ ఓఎస్ వేశా. ఇది బయటివాళ్లు తయారుచేసిన ఆండ్రాయిడ్, ఇలాంటివాటినే కస్టమ్ రోమ్ అంటారు, ఫోన్‌లోకి ఎక్కించడాన్ని ఫ్లాష్ చేయడం అంటారు.

ముందు బూట్‌లోడర్‌ని, అంటే ఫోన్ ఆన్ కాగానే సిస్టమ్‌ని లేపే ప్రోగ్రామ్‌ని, అన్‌లాక్ చేయాలి. దీనికి ఓపిక కావాలి. షావోమీ అకౌంట్‌తో ఫోన్‌ని జత చేశాక రోజుల తరబడి ఆగమంటుంది. అన్‌లాక్ అవ్వగానే ఫోన్‌లో ఉన్నదంతా తుడిచిపెట్టుకుపోతుంది, ఫొటోలు ముందే కాపీ చేసుకోండి. తర్వాత పవర్, వాల్యూమ్ డౌన్ కలిపి నొక్కితే టోపీ పెట్టుకున్న కుందేలు ఆండ్రాయిడ్ బొమ్మని రిపేర్ చేస్తూ కనిపిస్తుంది. అదే ఫాస్ట్‌బూట్, కంప్యూటర్ నుంచి ఫోన్‌లోకి సాఫ్ట్‌వేర్ ఎక్కించే మోడ్. ఇక్కడ ఫోన్ కంప్యూటర్‌కి కనెక్ట్ కావట్లేదంటే ముందు కేబుల్‌ని, తర్వాత కంప్యూటర్ యూఎస్‌బీ 3 పోర్టుని అనుమానించండి. పాత యూఎస్‌బీ 2 పోర్టుకి మారిస్తే చాలాసార్లు పని అయిపోతుంది.

మళ్లీ స్టాక్ రోమ్‌కి, అంటే కంపెనీ ఇచ్చిన అసలు సాఫ్ట్‌వేర్‌కి, వెళ్లాలంటే కంప్యూటర్‌లో మీఫ్లాష్ టూల్ వాడాలి. దాని అడుగున ‘క్లీన్ ఆల్ అండ్ లాక్’ అని ముందే టిక్ అయ్యి ఉంటుంది. చూసుకోకుండా ఫ్లాష్ నొక్కారో, బూట్‌లోడర్ మళ్లీ లాక్. దాన్ని ‘క్లీన్ ఆల్’కి మార్చాకే మొదలుపెట్టండి. దీనికంటే ముఖ్యం, టీడబ్ల్యూఆర్‌పీ (రోమ్‌లు ఎక్కించడానికి, బ్యాకప్ తీయడానికి వాడే రికవరీ ప్రోగ్రామ్) ఎక్కించిన వెంటనే ఈఎఫ్ఎస్ (ఫోన్ నెట్‌వర్క్ వివరాలుండే భాగం) బ్యాకప్ తీసి కంప్యూటర్‌లో దాచడం. అందులోని ఐఎంఈఐ, అంటే ఫోన్ గుర్తింపు నంబరు, ఎగిరిపోతే సిమ్ ఉన్నా సిగ్నల్ ఉండదు. కస్టమ్ రోమ్ గురించి గొప్పలు చెప్పేవాళ్లు ఈ మాట ఎందుకో మింగేస్తారు.

ఇక రిపేర్. ఛార్జింగ్ పోర్టు వదులైతే బోర్డంతా మార్చక్కర్లేదు, పోర్టు ఫోన్ అడుగున విడిగా ఉన్న చిన్న బోర్డు మీద ఉంటుంది. పోర్టుకి అటూ ఇటూ ఉన్న రెండు స్క్రూలు తీసి, వెనక మూతని మెల్లగా లేపాలి. ఫింగర్‌ప్రింట్ పట్టీ మూతకే అతుక్కుని ఉంటుంది, గట్టిగా లాగితే తెగుతుంది. షాపులో ఇచ్చినా ఈ సంగతి చెప్పే ఇవ్వండి.

లోటు ఒకటే, కానీ పెద్దది: బ్యాంకు యాప్‌లు. అన్‌లాక్ చేసిన ఫోన్ అంటే కొన్ని ససేమిరా అంటాయి, ఈ నెల తెరుచుకున్నది వచ్చే నెల మూసుకోవచ్చు. యూపీఐకి నేను వేరే ఫోన్ పెట్టుకున్నా. ఉన్నది ఒక్కటే ఫోనైతే దీని జోలికి వెళ్లకండి.

ఫోన్ పైఅంచున ఉన్న ఐఆర్ బ్లాస్టర్ (రిమోట్‌లా సిగ్నల్ పంపేది) మాత్రం కొత్త రోమ్‌లోనూ పనిచేస్తోంది. మా ఇంట్లో టీవీకి, ఏసీకి ఇదే రిమోట్.