మంత్రయంత్రాల సామ్రాజ్యం: ఏళ్ళ తరబడి ఆడించాక నా మాట

ముందే చెప్పేస్తాను, బాగుంటుంది. కాకపోతే ఉన్నదున్నట్టు ఆడిస్తే నాలుగు ఆటలకే మొహం మొత్తుతుంది.

నేను చెప్పేది టేబుల్ చుట్టూ కూర్చుని, తలో పాత్రా తీసుకుని, పాచికలేసి కథ నడిపే రోల్‌ప్లేయింగ్ ఆటల్లో తరచూ కనబడే ఒక లోకం గురించి. ఎప్పుడో అంతరించిపోయిన తరంవాళ్ళు కట్టిన మంత్రయంత్రాలుంటాయి. ఒకటి వాన కురిపిస్తుంది, ఒకటి రాజధానిలో దీపాలు వెలిగిస్తుంది, ఒకటి సరిహద్దులో కంటికి కనబడని గోడ కడుతుంది. సామ్రాజ్యం మొత్తం వాటి మీదే బతుకుతుంటుంది, అవెలా పనిచేస్తాయో మాత్రం ఇప్పుడు ఎవరికీ తెలియదు. కోనసీమలో మా బ్యాచ్ కొన్నేళ్ళుగా ఈ లోకంలోనే ఆడుతోంది, ఆడించేది, అంటే కథ చెబుతూ మిగతా పాత్రలన్నీ వేసేది నేను. ఇదేదో కొన్న పుస్తకం కాదు, అక్కడో ముక్క ఇక్కడో ముక్క ఏరుకుని మేమే అల్లుకున్నాం.

మొదటి ఇబ్బంది, యంత్రం మరీ పెద్దది. వానయంత్రం ఆగిపోతే లోకం అంతం అనగానే ఆడేవాళ్ళకి టెన్షన్ పుట్టాలి కదా, పుట్టదు. లోకాన్ని అంతం చేసేస్తే వచ్చే ఆదివారం ఎక్కడ ఆడతామని వాళ్ళ ధీమా. పైగా యంత్రం కనబడిందంటే చాలు, అందరికీ దాని మీట మీదే కన్ను. ఒకడు నొక్కేద్దామంటాడు, ఇంకొకడు పగలగొడదామంటాడు, మూడోవాడు పట్టుకుపోయి అమ్మేద్దామంటాడు. అయిపోయింది కథ.

దీనికి మందు మా చుట్టూనే ఉంది. ధవళేశ్వరం దగ్గర కాటన్ దొర ఆనకట్ట 1847లో మొదలై 1852కి పూర్తయింది, దాని స్థానంలో ఇప్పుడున్న బ్యారేజీ 1982కి తయారైంది, 175 గేట్లు. ఆ వంతెన మీద నిలబడితే ఎవరికైనా సామ్రాజ్యమే గుర్తొస్తుంది. కానీ గొడవలన్నీ అక్కడుండవు. నీళ్ళు బొబ్బర్లంక దాటి లొల్ల లాకుల దాకా వచ్చి, అక్కణ్ణించి తలో కాలవలోకీ చీలాక మొదలవుతాయి. దాళ్వాలో, అంటే రెండో పంటకి, నీళ్ళు తక్కువైతే వంతులు, వంతుల్లో తేడాలు, కాలవ చివరుండే శివారు భూముల దాకా వచ్చేసరికి కాలవలో బురద. నేను వానయంత్రాన్ని రాజధాని నుంచి పీకేసి ఇక్కడ పెట్టాను.

పద్ధతి చాలా సింపుల్. యంత్రం కింద ఆరు ఊళ్ళు. ఆట మొదట్లో యంత్రానికి నూనె రాసే మనిషి ఒక పాచిక వేస్తాడు. ఎంత పడితే అన్ని ఊళ్ళకే ఆ వారం వాన. ఏ ఊళ్ళకనేది వాడే చెప్పాలి, అందరి ముందూ. మా వాడొకడు ఆ పాత్ర తీసుకున్నాడు. మాంత్రికుడు కాదు, సేనాపతి కాదు, అచ్చం మన లాకుల మీద గేట్లెత్తి దించే లస్కరు. చేతిలో తాళంచెవుల గుత్తి, పాత లెక్కల పుస్తకం. ఆ రోజు రెండు పడింది. నేను చివరి ఊరి పెద్దనై అడిగాను:

"ఏవండీ, మా వంతు మొన్నే రావాలండి. పైవాళ్ళు రాత్రిపూట అడ్డాలేసేశారండి."

"పైన తగ్గించేశారండీ. నన్నేం చెయ్యమంటారు? ఆయ్!"

అందరూ ఒకటే నవ్వు, ఎందుకంటే ఈ మాటలు ఇంట్లో విననివాడు ఆ టేబుల్ దగ్గర లేడు. తర్వాత నవ్వాగిపోయి నిజంగానే కోపాలొచ్చాయి. చక్రవర్తి కోటకి వెళ్ళాల్సినవాళ్ళు కోట సంగతి వదిలేసి, రాత్రికి రాత్రి టార్చిలేసుకుని పై ఊరి మీదకి బయల్దేరారు. (ఆ లోకంలో టార్చిలైట్లు లేవని ఎవరికీ గుర్తు రాలేదు, నేనూ ఊరుకున్నాను.) ఆ పూట యంత్రం చూపించమని ఎవడూ అడగలేదు.

రెండో మార్పు కూడా కాలవల పుణ్యమే. వేసవిలో కాలవలు కట్టేస్తారు కదా, పూడికలు తీసేదీ షట్టర్లు బాగుచేసేదీ ఆ కొన్ని వారాల్లోనే, అప్పుడు కాకపోతే మళ్ళీ ఏడాది దాకా అంతే. మా వానయంత్రాన్నీ ఏటా అలాగే ఆపుతారు. లోపలికి దిగడానికి అదొక్కటే సమయం. రాక్షసులు, నిధులు ఏమీ పెట్టలేదు. పన్ను విరిగిన ఒక పెద్ద చక్రం, విరిగినచోట దిగ్గొట్టిన తాటిచెక్క, చెక్క మీద గట్టిపడిపోయిన పసుపూ కుంకుమా. ఎవరో పని గడవడానికి చేసిన రిపేరు, తర్వాతివాళ్ళకి దేవుడైపోయింది. దాన్ని పీకి కొత్తది పెట్టాలా, ముట్టుకోకుండా వచ్చెయ్యాలా అని రెండు ఆదివారాలు కొట్టుకున్నారు. కాటన్ దొర పుట్టినరోజని మే 15న విగ్రహాలకి దండలేసే ప్రాంతంలో పుట్టి, చెక్కకి బొట్టేంట్రా అని నవ్వే హక్కు మాకెవరికీ లేదనుకోండి.

ఈ రకం లోకాలన్నిట్లో నాకు కనబడ్డ పెద్ద లోటు మురుగు. వాన కురిపించే యంత్రాలు బోలెడుంటాయి, కురిసిన నీళ్ళు ఎటు పోతాయో ఒక్కరూ ఆలోచించరు. డెల్టావాడికి ఇది మింగుడుపడదు. 2011లో కోనసీమ రైతులు క్రాప్ హాలిడే అని ఖరీఫ్ సాగు మానేశారు. మానేసింది కాలవకి నీళ్ళు రాక కాదు, ధర గిట్టక, కూలి ఖర్చులు పెరిగి, ముంపు నీళ్ళు దిగక. అదే తీసుకొచ్చి ఆటలో పెట్టాను. యంత్రం బ్రహ్మాండంగా పనిచేస్తోంది, ఆరుకి ఆరు పడింది, అన్ని ఊళ్ళకీ వాన. జనం మాత్రం ఈ ఏడు నాట్లు వెయ్యమని కూర్చున్నారు. చక్రవర్తికి ఏం చెయ్యాలో పాలుపోలేదు, ఆ పాత్ర ఆడించే నాకూ పాలుపోలేదు. ఇన్నేళ్ళలో అంత మంచి ఆట ఇంకోటి పడలేదు.

వరదకి ధవళేశ్వరం లెక్కే వాడతాం. పది లక్షల క్యూసెక్కులకి మొదటి హెచ్చరిక, పదమూడుకి రెండోది, పదిహేడుకి మూడోది. మూడోది ఎగరేస్తే లంకల్లో వాళ్ళు గొడ్డూ గోదా తోలుకుని గట్టెక్కాల్సిందే, మంత్రాలు ఆపండని నేనే చెప్పేస్తాను.

నచ్చనివీ ఉన్నాయి. కత్తియుద్ధాల కోసం వచ్చేవాళ్ళకి ఇది శిక్ష, మా దగ్గరా ఇద్దరు మానేశారు. లెక్కలు రాసే ఓపిక ఉన్నవాడు ఒకడైనా లేకపోతే ఆట నడవదు. ఆ యంత్రాలు ఎవరు కట్టారన్నది మాత్రం ఎప్పుడూ చెప్పకండి, చెబితే అందరూ వాళ్ళ వెనకపడి ఊళ్ళని వదిలేస్తారు. దీపాల యంత్రం పర్లేదు, కరెంటు కోత అనుకుంటే నడిచిపోతుంది. గోడ యంత్రంతోనే చిక్కు. దానికి వంతుల్లేవు, శివారు లేదు, ఉంటే అందరికీ ఉంటుంది, లేకపోతే ఎవరికీ లేదు. దాన్ని పెట్టిన ప్రతిసారీ ఆట చప్పబడిపోయింది. మీలో ఎవరైనా దాంతో బాగా ఆడించి ఉంటే ఎలాగో చెప్పండి, మొహమాటం లేకుండా ఎత్తుకొచ్చేస్తాను.