ఆరన్ సోర్కిన్ మాస్టర్‌క్లాస్: రైటర్స్ రూమ్ పాఠాల కోసమైనా చూడండి

డైలీ సీరియల్‌కి డైలాగులు రాస్తూ, మధ్యమధ్యలో సినిమా సిట్టింగ్స్‌కి, అంటే కథ చర్చలకి, వెళ్తూ ఉంటాను, కాబట్టి హాలీవుడ్ రచయిత ఆరన్ సోర్కిన్ స్క్రీన్‌ప్లే రాయడం మీద చెప్పిన ఈ ఆన్‌లైన్ క్లాసు గురించి అదే పనిలో ఉన్నవాళ్లకి అక్కరకొచ్చేలా చెప్తాను. మాస్టర్‌క్లాస్ సైట్‌లో 2016లో వచ్చింది, 35 పాఠాలు. చందా కట్టి చూడాలి. సోర్కిన్ ఇంగ్లీషు చాలా వేగం, నేను సబ్‌టైటిల్స్ పెట్టుకునే చూశాను.

బ్రాడ్‌వేలో ఒక థియేటర్ బార్‌లో పనిచేస్తూ, లోపల నాటకం మొదటి అంకం నడుస్తున్నంతసేపూ కాక్‌టెయిల్ నాప్‌కిన్ల మీద 'ఎ ఫ్యూ గుడ్ మెన్' రాసుకున్న మనిషి ఈయన. నేవీలో లాయరుగా ఉన్న అక్క చెప్పిన, గ్వాంటనామో అనే అమెరికా నేవీ స్థావరంలో జరిగిన కేసే దానికి మూలం. 1989లో నాటకమైంది, 1992లో సినిమా. 'ది సోషల్ నెట్‌వర్క్' సినిమా రాసినందుకు ఆస్కార్ వచ్చింది. నాకు మాత్రం వాటికంటే అమెరికా ప్రెసిడెంట్ ఆఫీసు చుట్టూ తిరిగే టీవీ సీరియల్ 'ది వెస్ట్ వింగ్' పెద్దది: మొదటి నాలుగు సీజన్లూ, ఏడాదికి 22, 23 ఎపిసోడ్ల చొప్పున, దాదాపు తనే రాశాడు. టీవీకి రాసేవాళ్లకే తెలుస్తుంది అదెంత పనో.

క్లాసంతా ఆయన పట్టుకుని వదలని మాట ఒకటే. పాత్రకి ఏదో గట్టిగా కావాలి, దానికి ఏదో అడ్డం పడాలి. వినగానే ఇంతేనా అనిపించింది. ఆ వారమే ఒక ఆఫీసులో నా సీన్ మూడుసార్లు వెనక్కొచ్చింది, 'ఎక్కడో తగ్గింది' అన్నారు తప్ప ఎక్కడో ఎవరూ చెప్పలేదు. అత్తాకోడళ్లు వంటింట్లో మాట్లాడుకునే సీన్, మాటలు బాగానే పడ్డాయి, కానీ ఆ గదిలో కోడలికి ఏం కావాలో నాకే తెలీదు! పుట్టింటికి వెళ్తానని అడగడానికి వచ్చిందని పెట్టాను, తను నోరు తెరిచేలోపే అత్త వ్రతానికి చుట్టాలందరికీ ఫోన్లు చేసేసిందని పెట్టాను. పాత డైలాగుల్లో సగం కొట్టేశాను. సీన్ ఓకే అయింది.

ఇక రైటర్స్ రూమ్, అంటే రైటర్లంతా ఒకచోట కూర్చుని సీరియల్ కథ అల్లే గది. 2003లో 'వెస్ట్ వింగ్' నాలుగో సీజన్ చివర, ప్రెసిడెంట్ కూతురు కిడ్నాపై, ఆయన పదవి నుంచి తప్పుకుని, అధికారం ఎదుటి పార్టీ స్పీకర్ చేతికి వెళ్లిన చోట కథని ఆపి సోర్కిన్ బయటికొచ్చేశాడు, ఆ తర్వాతది వేరేవాళ్లు రాశారు. ఈ క్లాసులో కొత్త రైటర్లని చుట్టూ కూర్చోబెట్టుకుని, ఐదో సీజన్ మొదటి ఎపిసోడ్‌ని మళ్లీ మొదట్నుంచీ అల్లుతాడు. మన సిట్టింగ్స్‌లో ఒక ఐడియా నచ్చకపోతే అక్కడితో పోతుంది, నేను కూర్చున్నవాటిలో చాలావరకు అంతే. ఇక్కడ ఒకళ్లు చెప్పింది ఇంకొకళ్లు అందుకుని ముందుకి తీసుకెళ్లడం కళ్లారా చూస్తాం, ఆ ఒక్కదానికే కట్టిన డబ్బు వచ్చేసిందనుకున్నాను.

ఇంటర్వెల్ ఎక్కడ పడాలి, హీరోకి నేరేషన్ ఎలా ఇవ్వాలి లాంటి మన లెక్కల కోసమైతే దీన్ని కొనకండి, వాళ్ల సినిమాల పద్ధతి వేరు. రైటర్స్ రూమ్ పాఠాలు మాత్రం రెండుసార్లు చూడండి. రెండోసారి నేను వీడియో ఆపి, నా సీన్ ఆర్డర్ నేనే కాగితం మీద వేసుకుని, తర్వాత ప్లే చేసి వాళ్లదానితో పోల్చుకున్నాను.