లంకంత ఇల్లు పోయింది, తలుపు పిడి మిగిలింది: వియన్నాలో విట్గెన్‌స్టైన్‌ల జాడ

శనివారం పొద్దున్న పదింటికి కుండ్‌మన్‌గాసే వీధిలో గోడ పక్కన నిలబడి నేనూ మా బావగారూ మొహమొహాలు చూసుకున్నాం. లోపల తెల్లటి డబ్బాల్ని ఒకదాని మీద ఒకటి పేర్చినట్టున్న ఇల్లు. దాన్ని చూడ్డానికే వచ్చాం. మూసి ఉంది. తప్పు నాదే. లోపలికి మామూలు పనిదినాల్లోనే రానిస్తారని తెలిసి కూడా శని ఆదివారాలకు రైలు టికెట్లు తీశాను. చివరికి తిరుగు ప్రయాణం మంగళవారానికి మార్చుకుని, రెండు రాత్రుల బస అదనంగా కట్టాను.

మా అమ్మాయి ఉండే మ్యూనిక్ నుంచి వియన్నాకి రైల్లో నాలుగు గంటలు. బావగారు ఆర్ అండ్ బీలో ఈఈగా రిటైరయ్యారు. ప్యాలెస్‌లు చూడమంటే ఆయనకు ఆవలింతలొస్తాయి. "ఒక తత్వవేత్త కట్టిన ఇల్లుంది, గది పైకప్పు మూడు సెంటీమీటర్లు తక్కువైందని మళ్ళీ లేపించాడు బావగారూ" అన్నాను. "బిల్లు ఎవరు పాస్ చేశారు?" అని వెంటనే బయల్దేరారు.

బస సంగతి ముందు చెప్పేస్తాను. మూడో డిస్ట్రిక్ట్‌లో ఒక పాత భవనం నాలుగో అంతస్తులో అపార్ట్‌మెంట్ తీసుకున్నాం. చోటు బాగుంది. రోఖుస్‌గాసే మెట్రో స్టేషన్ దగ్గర్లోనే, కూరగాయల మార్కెట్ అడుగు దూరంలో, విట్గెన్‌స్టైన్ ఇల్లు నడిచే దూరం. ఏసీ లేదు. జూలైలో వెళ్ళేవాళ్ళు అది చూసుకుని బుక్ చేసుకోవాలి. కొళాయి నీళ్ళు ఆల్ప్స్ కొండల ఊటల నుంచి వచ్చేవి, సీసాలు కొనడం దండగ. ఆదివారం సూపర్ మార్కెట్లు ఉండవు, పెద్ద రైల్వే స్టేషన్లలోవి తప్ప. పెరుగు శనివారమే తెచ్చిపెట్టుకోండి. ఇక బాత్‌రూమ్ తలుపు పిడి మొదటి రాత్రే ఊడి నా చేతికొచ్చింది. ఇంటివాళ్ళకు మెసేజ్ పెడితే "సోమవారం చూస్తాం" అన్నారు. బావగారు చెంచా కాడతో మర బిగించారు.

ఇంతకీ ఎవరీ విట్గెన్‌స్టైన్‌లు? కార్ల్ విట్గెన్‌స్టైన్ 1847లో పుట్టాడు. పదిహేడు పద్దెనిమిదేళ్ళప్పుడు ఫిడేలు పట్టుకుని ఇంట్లోంచి అమెరికా పారిపోయి, న్యూయార్క్‌లో హోటల్ సర్వర్‌గా పనిచేశాడు. తిరిగొచ్చాక ఇనుము, ఉక్కు వ్యాపారంలో ఆస్ట్రియాలోనే మహా సంపన్నుల్లో ఒకడయ్యాడు. యాభై దాటగానే వ్యాపారం నుంచి తప్పుకుని, డబ్బు చాలావరకు విదేశాల్లో పెట్టాడు. ఎనిమిదిమంది పిల్లలు. అందరికీ సంగీతం వచ్చు. ఆఖరివాడు లూడ్విగ్, ఇరవయ్యో శతాబ్దపు తత్వశాస్త్రంలో పెద్ద పేరు.

కార్ల్ డబ్బు ఎటు పోయిందో చూడాలంటే సెసెషన్ భవనం చాలు. మెట్రోలో కార్ల్స్‌ప్లాట్స్‌లో దిగితే రెండు నిమిషాలు. పాత పద్ధతి చిత్రకారులతో తెగతెంపులు చేసుకున్న చిత్రకారుడు క్లిమ్ట్ బృందానికి 1898లో లేచిన గూడు ఇది, ఖర్చులో పెద్ద వాటా కార్ల్‌ది. తల మీద పూత పూసిన ఆకుల బుట్ట. వియన్నా జనం దాన్ని బంగారు క్యాబేజీ అంటారు, సరిగ్గా అలాగే ఉంటుంది. కింది గదిలో 1902లో క్లిమ్ట్ వేసిన బేతోవెన్ చిత్రమాలిక గోడల పైభాగాన 34 మీటర్లు సాగుతుంది. మెడ నొప్పెడుతుంది గానీ టికెట్ డబ్బులు గిట్టుబాటే. పక్కనే నాష్‌మార్క్ట్. ఆ మార్కెట్లో ఆలివ్ కాయలు రుచి చూడమని పిలిచే కొట్లలో ధర అడక్కుండా పొట్లం కట్టించుకోకండి. నేను కట్టించుకున్నాను.

కార్ల్ ఇంటికోసం అక్కణ్ణుంచి కార్ల్స్‌కిర్ఖే చర్చి పక్కగా అర్జెంటీనియర్ వీధిలోకి వెళ్ళాం. ఒకప్పుడు దీని పేరు ఆలేగాసే. 16వ నంబరు దగ్గర లంకంత మేడ, లోపల సంగీతానికే ఒక హాలు. సంగీతకర్తలు బ్రామ్స్ వచ్చేవాడు, మాలర్ వచ్చేవాడు. ఇప్పుడక్కడ మామూలు ఫ్లాట్లు, వీధి నిండా సైకిళ్ళు. మేడను 1950లలో కూల్చేశారు. చూడ్డానికేమీ లేదు కాబట్టి గైడ్ పుస్తకాలు దీన్ని వదిలేస్తాయి. నాకు మాత్రం ఈ అరగంటే ఎక్కువ గుర్తుంది.

ఎందుకంటే ఆ ఇంటి సంగతులన్నీ బావగారికి అక్కడే, పేవ్‌మెంట్ మీద చెప్పాను. పెద్దకొడుకు హాన్స్‌కి సంగీతంలో అసాధారణ ప్రతిభ. తండ్రి వ్యాపారంలోకి రమ్మన్నాడు. హాన్స్ 1902లో అమెరికాలో కనిపించకుండా పోయాడు, ఆత్మహత్యే అని ఇంట్లోవాళ్ళు నమ్మారు. 1904లో అతని తమ్ముడు రూడీ బెర్లిన్‌లో విషం తాగాడు. 1913లో కార్ల్ క్యాన్సర్‌తో పోయాడు. 1918లో యుద్ధం ముగిసే వేళ మరో కొడుకు కుర్ట్ కాల్చుకున్నాడు. పియానో వాయించే ఇంకో కొడుకు పాల్‌కి 1914లోనే యుద్ధంలో కుడిచెయ్యి పోయింది. సైబీరియాలో ఖైదీగా ఉన్నప్పుడు చెక్కపెట్టె మీద ఎడమ చేతి వేళ్ళాడిస్తూ సాధన చేశాడు. తిరిగొచ్చి, తండ్రి డబ్బుతో రావెల్, ప్రొకోఫియెవ్, హిండెమిత్ లాంటివాళ్ళ చేత ఒక్క ఎడమచేతికే సంగీతం రాయించుకున్నాడు. రావెల్ రాసింది 1932 జనవరి 5న వియన్నాలో వాయించాడు. హిండెమిత్ రాసింది నచ్చక దాచిపెట్టేశాడు, అది 2004 దాకా ఎవరూ వినలేదు.

"మరి ఆస్తి?" అన్నారు బావగారు. లూడ్విగ్ 1919లో తన వాటా మొత్తం తోబుట్టువులకు రాసిచ్చి, కొండల్లోని ఒక పల్లెలో బడిపంతులుగా చేరాడు. మిగతావాళ్ళది 1938 దాకా నిలిచింది. అప్పుడు హిట్లర్ ఆస్ట్రియాను కలిపేసుకున్నాడు. కుటుంబం ఎప్పుడో క్రైస్తవంలోకి మారింది, కానీ తాతలూ అమ్మమ్మల్లో ముగ్గురు యూదు పుట్టుక వాళ్ళని కాగితాలు చెప్పాయి. అక్కచెల్లెళ్ళ ప్రాణాలకు ముప్పు. తాత పుట్టుకతో యూదుడు కాడనే ఒక కథ ఒప్పించుకోవడానికి, స్విట్జర్లాండ్‌లో దాచిన 1.7 టన్నుల బంగారం నాజీలకు వదులుకున్నారు. ఆ బేరంలో అక్కలకూ పాల్‌కూ పడలేదు. అమెరికా వెళ్ళిపోయిన పాల్ మళ్ళీ వాళ్ళతో కలవలేదు. హిట్లర్, లూడ్విగ్ ఆరు రోజుల తేడాతో పుట్టినవాళ్ళు. లింజ్‌లో ఒకే బడిలో చదివారు కూడా. బావగారు కాసేపు ఏమీ అనలేదు.

ఆదివారం సాయంత్రం మూజిక్‌ఫెరైన్ హాల్లో నిలబడి వినే టికెట్లు దొరికాయి. సీటు టికెట్‌తో పోలిస్తే చాలా చవక, సౌండు అద్భుతం. కాళ్ళు పీకుతాయి. వీధుల్లో మొజార్ట్ విగ్గు పెట్టుకుని టికెట్లమ్మే కుర్రాళ్ళ దగ్గర మాత్రం కొనకండి, వాళ్ళు చెప్పే హాలు వేరు, చూపించే ఫొటో వేరు.

సోమవారం మళ్ళీ ఆ తెల్ల ఇంటికి. చిరునామా కుండ్‌మన్‌గాసే 19 అని ఉంటుంది గానీ దారి వెనక పార్క్‌గాసే నుంచి. 1975 నుంచి ఇది బల్గేరియా వాళ్ళ సాంస్కృతిక కేంద్రం. గైడ్ లేడు, ఆడియో లేదు, వివరాల బోర్డులు అంతంతమాత్రం. ముందే చదువుకుని వెళ్ళకపోతే పది నిమిషాల్లో బయటికొచ్చేస్తారు. మేం రెండు గంటలున్నాం.

కార్ల్ కూతురు మార్గరెట్ కోసం 1926లో మొదలై 1928లో పూర్తయింది. ఎంగెల్‌మన్ అనే ఆర్కిటెక్ట్ మొదలుపెడితే, లూడ్విగ్ చేరి పెత్తనమంతా తీసుకున్నాడు. చెక్క తలుపుల్లేవు, సన్నటి లోహపు చట్రాల్లో నిలువెత్తు అద్దాలు. దీపాలకు షేడ్లు లేవు, వట్టి బల్బులు. బావగారు మోకాళ్ళ మీద కూర్చుని ఒక పిడిని చూడ్డం మొదలుపెట్టారు. వంచిన లోహపు కడ్డీ, అంతే. పలకా లేదు, పువ్వూ లేదు. నేరుగా చట్రంలోకి దూరిపోయింది. తిప్పారు, చప్పుడు లేదు. మళ్ళీ తిప్పారు. మూలల్లో గది వెచ్చబెట్టే రేడియేటర్లు, కొలతకు సరిగ్గా పోతపోసేవాళ్ళు ఆస్ట్రియాలో దొరక్క బయటి దేశంలో చేయించినవి. ఒక్క మిల్లీమీటరు అంత ముఖ్యమా అని తాళాల పనివాడు అడిగితే, అతని మాట పూర్తికాకముందే లూడ్విగ్ అవునని అరిచాడట. పెద్దక్క హెర్మీనే రాసుకుంది. ఆ ఇల్లు మనుషులకు కాదు దేవుళ్ళకు, నేనైతే ఉండలేను అని కూడా ఆవిడే రాసింది.

"కాంట్రాక్టర్ ఏడ్చుంటాడు" అన్నారు బావగారు, పిడి వదలకుండానే.

1970ల మొదట్లో దీన్నీ కూల్చేసేవాళ్ళే. కొందరు పట్టుబట్టి రక్షిత కట్టడంగా ప్రకటింపజేశారు. లోపల కొన్ని గోడలు తర్వాత మార్చారు కాబట్టి పూర్తిగా పాతదనుకోకండి. అయినా వియన్నాలో ఒక్క పూటే ఉందంటే నేను షోన్‌బ్రున్ ప్యాలెస్ మానేసి దీనికే ఓటేస్తాను. క్లిమ్ట్ 1905లో వేసిన మార్గరెట్ చిత్రం మాత్రం వియన్నాలో లేదు, మ్యూనిక్ సంగ్రహాల్లో ఉంది. ఆ బొమ్మ ఆమెకు నచ్చలేదు.

ఆఖరికి కార్ల్ సమాధి చూద్దామని 71 నంబరు ట్రామెక్కాం, సెంట్రల్ స్మశానానికి. వియన్నాలో ఎవరైనా పోతే "71 ఎక్కాడు" అంటారు. రెండో గేటు దగ్గర దిగాలి. లోపల బ్రామ్స్ సమాధికి బాణం గుర్తులున్నాయి, విట్గెన్‌స్టైన్‌లకు మాకైతే కనపడలేదు, ఆఫీసులో అడిగి చీటీ రాయించుకున్నాం. లూడ్విగ్ ఇక్కడ లేడు, కేంబ్రిడ్జ్‌లో ఉన్నాడు. పాల్ 1961లో అమెరికాలో పోయాడు.

ట్రామ్ స్టాపు దగ్గర బావగారికి 71 సామెత చెప్పాను. జేబులోంచి టికెట్ తీసి, కళ్ళజోడు సవరించుకుని చదివారు. "ఇరవై నాలుగు గంటలది కదా, తిరిగి రావడానికి కూడా పనికొస్తుంది. పద."