నిమ్మతోటలో డ్రిప్పు: పదేళ్ల వాడకం తర్వాత

నెల్లూరు జిల్లా పొదలకూరు పక్కన బోరు కింద నిమ్మతోట మాది. ఇరవై అడుగుల ఎడంతో ఎకరాకు 108 చెట్లు. డ్రిప్పు, అదే బిందు సేద్యం, వేసి పదేళ్లు దాటింది, అంతకుముందు పాదులు చేసి కాలువతో నీళ్లు కట్టేవాళ్లం. మెట్టలో నిమ్మకు డ్రిప్పు వేసి తీరాలి. అయితే ఫిల్టరును పట్టించుకోకపోతే మూడో వేసవికి పైపులుంటాయి గానీ నీళ్లు రావు.

నీళ్ల ఆదా గురించి అందరూ చెబుతారు. నాకు అంతకన్నా విలువైనది చెట్టు మొదలు పొడిగా ఉండడం. పాదుల్లో నీళ్లు నిలిచినన్నాళ్లూ మొదట్లో బంక కారే బంక తెగులు వదల్లేదు. ఇప్పుడు నీళ్లు చుక్కలుగా వదిలే డ్రిప్పర్లు కొమ్మల అంచు కిందే ఉంటాయి, మొదలు తడవదు. పూత కోసం చెట్లను వాడబెట్టాలన్నా వాల్వు కట్టేస్తే సరి.

బిగించినప్పుడు చెట్టుకు రెండే డ్రిప్పర్లు ఇచ్చారు. లేత మొక్కకు చాలు, కాపుకొచ్చిన చెట్టుకు చాలవు. నేను చుట్టూ నాలుగు పెట్టించా. గంటకు 8 లీటర్లవి నాలుగైతే మూడు గంటల్లో 96 లీటర్లు. కరెంటు ఉన్న వేళల్లోనే ఆ తడి అందుతుంది.

అసలు తలనొప్పి ఉప్పు నీళ్లు. డ్రిప్పరు నోటి దగ్గర తెల్లగా పేరుకునేది సున్నమే, కాల్షియం కార్బొనేట్. దానికి హైడ్రోక్లోరిక్ ఆమ్లమే మందు. పైపు చివర నీటిలో పీహెచ్ కాగితం (నీటి పులుపును రంగుతో చూపేది) 4 చూపేదాకా ఆమ్లం వదిలి, మోటారు ఆపి, ఒక రోజంతా పైపుల్లోనే ఉంచి, మర్నాడు పైపు చివరి మూతలు (ఎండ్ క్యాపులు) తీసి కడిగేస్తా. ఆమ్లాన్నే నీళ్లలో పోయాలి, ఆమ్లంలో నీళ్లు పోయకూడదు. పాచికి వాడే బ్లీచింగ్ పౌడర్‌తో దీన్ని ఎప్పుడూ కలపొద్దు, విషవాయువు పుడుతుంది. ఫిల్టరుకు ముందూ వెనకా ప్రెషర్ మీటర్లు పెట్టించుకోండి. తేడా చదరపు సెంటీమీటరుకు అర కేజీ దాటిందంటే జల్లెడ మూసుకుపోయినట్టే.

ఎండాకాలం ఉడతలు, ఎలుకలు చెట్ల వరుస వెంట ఉండే సన్న లేటరల్ పైపులు కొరుకుతాయి. తెగిన పైపును కలిపే జాయినర్లు ఇంట్లో ఉంచుకోవాల్సిందే.

సంగం బ్యారేజీ కింద వరి వేసేవాళ్లకు నేను చెప్పేవి పనికిరావు, వాళ్లది పారకం. బోరు మీద నిమ్మ, బత్తాయి పెట్టేవాళ్లు మాత్రం ముందు నీళ్లు పరీక్ష చేయించండి. బోరు ఇసుక పోస్తుంటే నీళ్లను సుడి తిప్పి ఇసుకను వేరుచేసే హైడ్రోసైక్లోన్, చెరువు నీళ్లయితే ఇసుక ఫిల్టరు అడగండి. సబ్సిడీ సెట్టులో మీ నీళ్లకు తగ్గ ఫిల్టరు రాసి ఉందో లేదో చూసుకున్నాకే సంతకం పెట్టండి.