ఆఫీసులో పనిచేస్తూ చదివే ప్రైవేట్ స్కూలా, చార్టర్ స్కూలా?

అమెరికాలో ఆదాయం తక్కువున్న కుటుంబాలు పిల్లల కాలేజీ చదువు కోసం చూసే దారుల్లో రెండు: క్రిస్టో రే అనే కాథలిక్ స్కూళ్ల తరహా ప్రైవేట్ హైస్కూలు, చార్టర్ స్కూలు (సొంత నిర్వహణతో నడిచే ఒక రకం ప్రభుత్వ స్కూలు).

ఖర్చు: చార్టర్ ప్రభుత్వ సొమ్ముతో నడుస్తుంది, ఫీజు లేదు. 1996లో చికాగోలో మొదలైన క్రిస్టో రే పద్ధతిలో పిల్లలే నెలకు దాదాపు 5 రోజులు ఆఫీసులో పనిచేస్తారు. నలుగురు కలిసి ఒక ఫుల్‌టైమ్ ఉద్యోగాన్ని పంచుకుంటారు. ఆ జీతం ఫీజుకే జమ. మిగిలినదానిలో తల్లిదండ్రులు శక్తి కొద్దీ కడతారు, విరాళాలూ తోడవుతాయి.

శ్రమ: ఇక్కడ తేడా చాలా పెద్దది. పద్నాలుగేళ్ల పిల్ల టై సరిచేసుకుని లా ఆఫీసులో ఫైళ్లు స్కాన్ చేస్తుంది, ఫోన్ ఎత్తి పెద్దవాళ్లతో తడబడకుండా మాట్లాడటం నేర్చుకుంటుంది. ఆ ధైర్యం ఏ పాఠంలోనూ దొరకదని నా గట్టి నమ్మకం. కానీ ఆ రోజు తరగతులుండవు, కాబట్టి మిగతా రోజులు బరువెక్కుతాయి.

రిస్క్: చార్టర్‌లో దరఖాస్తులు ఎక్కువైతే సీటు లాటరీలో తేలుతుంది. క్రిస్టో రేలో పనిలో పదేపదే విఫలమైతే చదువుకే ముప్పు.

మతం: క్రిస్టో రే కాథలిక్ స్కూలు. అన్ని మతాల పిల్లల్నీ చేర్చుకుంటారు. చార్టర్‌లో మతబోధ ఉండదు.

బిడ్డకు ప్రత్యేక విద్యాసాయం కావాలంటే చార్టర్ మేలు. ప్రభుత్వ స్కూలు కాబట్టి ఆ సాయం చట్టపరమైన హక్కు. చదువుపై పట్టుండి, ఇంట్లో ఆఫీసు ఉద్యోగం చూసినవాళ్లే లేకపోతే క్రిస్టో రే వైపు మొగ్గండి.