చీనీనా, నిమ్మా? కొబ్బరి బార్లకు ఏది మేలు

మా మేనమామకు గార్లదిన్నె దగ్గర చీనీ (బత్తాయి) తోట ఉంది. కోత మొదలైతే అనంతపురం మార్కెట్ యార్డుకు వెళ్ళే లోడులో నుంచి ఒక గోతం మా గడపలో దిగుతుంది. రసం తాగుతాం, ఒలుచుకుని తింటాం, పక్కిళ్ళకు పంచుతాం, అయినా గోతం అడుగు కనిపించదు. అందుకే పుల్లటి పండూ కొబ్బరీ కలిపి ఓవెన్‌లో కాల్చే బార్ల సంగతి తెలియగానే నాకు ముందుగా గుర్తొచ్చింది ఆ గోతమే. "అనంతపురంలో ఉండి చీనీని వదిలి ఇంకే పండు వెతుకుతావమ్మా?" అని మామ కూడా అన్నాడు.

నాలుగు పళ్ళేలు పాడు చేసుకున్నాక చెబుతున్నాను: ఈ బార్లకు చీనీ రసం పనికిరాదు, నిమ్మరసమే మేలు. మామకు ఈ మాట చెప్పడానికి నాకు రెండు నెలలు పట్టింది.

ఈ బార్లు ఎలా ఉంటాయో తెలియనివారి కోసం ఒక మాట. మైసూరుపాకులాగే పళ్ళెంలో పోసి ముక్కలు కోసుకునేవే, కాకపోతే రెండంతస్తులు. కింద మైదా, వెన్న, చక్కెర కలిపి కాల్చిన బిస్కెట్ పొర. పైన గుడ్లు, చక్కెర, పుల్లటి రసం గిలక్కొట్టి పోసి మళ్ళీ కాల్చిన మెత్తటి పొర. కొబ్బరి ఈ రెండింటిలో దేనిలోనైనా చేరవచ్చు. ఎనిమిది అంగుళాల చదరపు పళ్ళేనికి నా కొలతలు ఇవి: అడుగుకు మైదా 150 గ్రాములు, వెన్న 100, చక్కెర 50, చిటికెడు ఉప్పు. పై పొరకు మూడు గుడ్లు, చక్కెర 200 గ్రాములు, రసం 100 మిల్లీలీటర్లు, రెండు పెద్ద చెంచాల మైదా.

చీనీ ఓడిపోయింది ఆ 200 గ్రాముల చక్కెర దగ్గరే. నూరు గ్రాముల నిమ్మరసంలో ఆరేడు గ్రాముల సిట్రిక్ ఆమ్లం ఉంటుంది. చీనీ రసంలో సాధారణంగా గ్రాము కూడా ఉండదు. నిమ్మ అంత చక్కెరనూ ఎదుర్కొని నాలుకను చురుక్కుమనిపిస్తుంది. చీనీ మునిగిపోతుంది. పోనీ చక్కెర తగ్గిద్దామని సగమే వేశాను. అప్పుడు తీపి తగ్గింది, పులుపు ఎలాగూ లేదు, గుడ్డు వాసన మాత్రం పైకి తేలింది. మా చిన్నవాడు ఒక ముక్క కొరికి, "ఇది ఆమ్లెట్టా?" అన్నాడు.

అప్పుడు రసాన్ని మరిగించి చిక్కబరిస్తే పులుపు కూడుకుంటుంది కదా అనిపించింది. అర లీటరు రసాన్ని టీ కప్పుకు దించాను. వంటిల్లంతా కమ్మటి వాసన. చెంచాతో నాలుక మీద వేసుకుంటే వేపపువ్వు నమిలినట్టుంది! ఇది నా చేతి తప్పు కాదని తరువాత తెలిసింది. చీనీ లోపలి పొరల్లో, గింజల్లో చేదు లేని పదార్థం ఒకటి ఉంటుంది. పండును పిండగానే అది రసంలోని ఆమ్లంతో కలిసి నెమ్మదిగా లిమొనిన్‌గా మారుతుంది. ఆ లిమొనినే చేదు. వేడి తగిలితే ఈ మార్పు ఇంకా వేగంగా జరుగుతుంది. చీనీ రసాన్ని కళ్ళ ముందు పిండించుకుని అక్కడికక్కడే తాగాలని మన పెద్దలు అనేది ఊరికే కాదు. పొద్దున పిండి ఫ్రిజ్‌లో పెట్టిన రసం సాయంత్రానికి చేదెక్కడం ఈ జిల్లాలో ఎవరికి తెలియదు? అలాంటి రసాన్ని తీసుకెళ్ళి ఇరవై నిమిషాలు ఓవెన్‌లో పెట్టడం కన్నా తెలివితక్కువ పని ఇంకొకటి ఉండదు.

అయితే చీనీలో పనికివచ్చేది ఒకటుంది, అది తొక్క. పుల్లపండ్ల జాతిలో పులుపు రసంలో ఉంటే సువాసన తొక్క మీది సన్నటి రంగు పొరలో, నూనె తిత్తుల్లో ఉంటుంది. చీనీ తొక్క గోరుతో గీరితే చేతికి అంటుకునే నూనె అదే. కొబ్బరి కోరే సన్న రంధ్రాల పలక మీద పచ్చటి పొరను మాత్రం తేలిగ్గా రాపిడి పెట్టి, ఆ పొడిని చక్కెరలో వేసి వేళ్ళతో నలపాలి. చక్కెర తడిసిన ఇసుకలా మారి ఘుమఘుమలాడుతుంది. కింద ఉన్న తెల్లటి దూదిలాంటి భాగం తగిలితే మళ్ళీ చేదే, కనుక పండును తిప్పుతూ ఒక్క గీతతో ఆపాలి. తొక్క వాడుతున్నాం కాబట్టి గోరువెచ్చని నీళ్ళలో బాగా రుద్ది కడగడం తప్పనిసరి. తోటలో చివరగా మందు ఎప్పుడు కొట్టారో నేనైతే మామనే అడుగుతాను.

అలా కుదిరిన జోడీ ఇది: నిమ్మరసం 100 మిల్లీలీటర్లు, రెండు చీనీ పండ్ల తొక్క పొడి. పులుపు నిమ్మది, పరిమళం చీనీది. నిమ్మ తొక్క ఒక్కటే వాడితే వాసన పదునుగా ఉండి కొబ్బరిని కప్పేస్తుంది. చీనీ వాసన కొంచెం నిదానమైనది, కొబ్బరితో పొత్తు కుదురుతుంది.

నిమ్మకాయల లెక్కలో ఒక మోసం ఉంది. విదేశీ వంటల పుస్తకాల్లో రెండు నిమ్మకాయల రసం అని ఉంటుంది. వాళ్ళ నిమ్మకాయ పెద్దది, దళసరి తొక్కది, వేరే జాతి. మనకు గూడూరు వైపు నుంచి వచ్చే పల్చటి తొక్క నిమ్మ ఒక్కొక్కటి పదిహేను మిల్లీలీటర్లు ఇస్తే గొప్ప. ఆరేడు కాయలు పిండితే గానీ 100 నిండదు. కోసే ముందు అరచేతి కింద గట్టిగా దొర్లిస్తే మరో నాలుగు చుక్కలు ఎక్కువ వస్తాయి. వేసవిలో కాయ ధర చుక్కలను అంటినప్పుడు దబ్బకాయ వైపు చూడవచ్చు. పులిహోరకు కలిపే ఆ రసమే, ఒక్క కాయతో పని అయిపోతుంది. పులుపు బలంగానే ఉంటుంది, చివర్లో చిరుచేదు తగులుతుంది. నాకు నచ్చింది, పిల్లలకు నచ్చలేదు. కమలాలది చీనీ కథే: తొక్క మంచిది, రసంలో పస లేదు.

ఇక పచ్చి కొబ్బరా, ఎండు కొబ్బరా?

రుచి ఒక్కటే చూస్తే పచ్చి కొబ్బరికి సాటి లేదు. కానీ అందులో దాదాపు సగం నీరే. అడుగు పొరలో కలిపితే ఆ నీరు ఆవిరై పోవడానికే ఓవెన్ వేడంతా ఖర్చవుతుంది, బిస్కెట్ కరకరలాడదు, రొట్టెలా సాగుతుంది. పై పొరలో కలిపితే నిమ్మరసానికి తోడు మరింత తడి చేరి ముక్క కోసేటప్పుడు జారిపోతుంది. ముందుగా మూకుడులో తడి ఇంకేదాకా వేయించి వాడవచ్చు. అంత చేశాక అది ఎండు కొబ్బరితో సమానమే కదా.

ఎండు కొబ్బరిలో నీరు చాలా తక్కువ. మా బజారులో కర్ణాటక నుంచి, తిప్టూరు వైపు నుంచి వచ్చే చిప్పలు దొరుకుతాయి. గోధుమ రంగు పెచ్చు చెక్కేసి కోరుకుంటే, పొట్లాల్లో వచ్చే తెల్లటి కొబ్బరి పొడి కన్నా రెట్టింపు వాసన. కొనేటప్పుడు చిన్న ముక్క కొరికి చూడడం మరవకూడదు. పాతదైతే నూనె మక్కిపోయి ఉంటుంది, ఎంత నిమ్మ పోసినా ఆ వాసన దాగదు. అడుగు పొరలో 40 గ్రాములు దోరగా వేయించి వేస్తాను, అందుకు బదులుగా మైదా 30 గ్రాములు తగ్గిస్తాను. పై పొరలో కలపను. చివరి ఐదు నిమిషాల్లో మాత్రం రెండు చెంచాలు పైన చల్లుతాను, ముందే చల్లితే మాడుతుంది. అయ్యంగార్ బేకరీ దిల్‌పసంద్‌లో కొబ్బరిని మధ్యలో పెట్టి మూసేస్తారు కాబట్టి తడి కొబ్బరి అయినా చెల్లుతుంది. ఇక్కడ ఆ సౌకర్యం లేదు.

వెన్నా నెయ్యా అంటే కాలాన్ని బట్టి. డిసెంబరులో వెన్న. ఏప్రిల్, మే నెలల్లో మా వంటింట్లో వెన్న చేతిలోకి తీసుకునేలోపే కరుగుతుంది, పిండి జిడ్డుగా పేరుకుంటుంది. అప్పుడు పేరిన నెయ్యి వాడతాను. వెన్నలో సుమారు ఆరో వంతు నీరు ఉంటుంది, నెయ్యిలో ఉండదు. కాబట్టి వంద గ్రాముల వెన్నకు ఎనభై గ్రాముల నెయ్యి చాలు. అడుగు నాన్‌ఖటాయిలా గుల్లగా వస్తుంది. కోసేటప్పుడు కాస్త రాలుతుంది, నోట్లో మాత్రం కరుగుతుంది.

గుడ్డు తినని ఇళ్ళ కోసం రెండో దారి ఉంది. కండెన్స్‌డ్ మిల్క్ 400 గ్రాముల డబ్బాలో 100 మిల్లీలీటర్ల నిమ్మరసం పోసి కలిపితే పొయ్యి వెలిగించకుండానే రెండు నిమిషాల్లో పెరుగులా చిక్కబడుతుంది. పులుపు తగిలి పాలలోని మాంసకృత్తులు ముద్దకట్టడమే ఇందులోని రహస్యం. అదే డబ్బాలో చీనీ రసం పోసి చూశాను. అరగంట తరువాత కూడా అది చీనీ వాసన వేసే పల్చటి పాలే. నిమ్మకు, చీనీకి తేడా ఎవరికైనా కళ్ళారా చూపించాలంటే ఈ రెండు గిన్నెలు చాలు. ఇందులో వేరే చక్కెర వద్దు. ఒక చెంచా మొక్కజొన్న పిండి (కార్న్‌ఫ్లోర్) కలిపి పన్నెండు నుంచి పదిహేను నిమిషాలు కాలిస్తే నిలుస్తుంది. రుచిలో గుడ్డుదే పైచేయి, దానిలో పులుపు స్పష్టంగా తెలుస్తుంది. ఇది కొబ్బరి బర్ఫీకి దగ్గరి చుట్టం. మా అత్తగారు మాత్రం దీనికే ఓటు వేశారు, ఆవిడ గుడ్డు ముట్టరు కాబట్టి ఆ ఓటును నేను లెక్కలోకి తీసుకోలేదు.

ఓవెనా కుక్కరా అన్నది పెద్ద చర్చ కాదు. చిన్న ఓవెన్ ఉంటే అడుగును 175 డిగ్రీల వద్ద ఇరవై నిమిషాలు బంగారు రంగు వచ్చేదాకా కాల్చి, అది వేడిగా ఉండగానే పై మిశ్రమం పోసి, 160కి తగ్గించి మరో ఇరవై నిమిషాలు ఉంచితే సరి. చల్లటి అడుగు మీద పోస్తే మిశ్రమమంతా కిందికి ఇంకుతుంది. ఉప్పు పోసి, రబ్బరు, విజిల్ తీసేసిన కుక్కర్‌లోనూ చేయవచ్చు. పైన రంగు రాదు, ఆవిరి నీళ్ళు మూత నుంచి కారి మచ్చలు పడతాయి, సమయం దాదాపు రెట్టింపు. ఏ పద్ధతిలోనైనా అల్యూమినియం పళ్ళెంలో బటర్ పేపర్ పరచడం మరవద్దు. నిమ్మరసం లోహానికి నేరుగా తగిలితే లోహపు రుచి వస్తుంది. పళ్ళెం పూర్తిగా చల్లారి, మూడు నాలుగు గంటలు ఫ్రిజ్‌లో ఉన్నాకే కత్తి పెట్టాలి. గుడ్డు పొర ఉన్నవాటిని బయట వదిలేయకూడదు. ఫ్రిజ్‌లో మూడు రోజులు బాగుంటాయి.

పోయిన నెల మామ వచ్చినప్పుడు నిమ్మరసం, చీనీ తొక్క కలిపి చేసిన ముక్క పెట్టాను. సగం తిని, "చూశావా, చీనీ వాసన ఎలా తెలుస్తోందో! నేను చెప్పలేదా?" అన్నాడు.

"తొక్క ఒక్కటే వేశాను మామా, రసం నిమ్మది."

"మరి లోపలి పండు?"

"తినేశాం."

మామ ఏమీ అనలేదు, రెండో ముక్క తీసుకున్నాడు. పది రోజుల తరువాత దిగిన చీనీ గోతంలో, పైన ఒక చిన్న సంచిలో ఇరవై నిమ్మకాయలు కూడా ఉన్నాయి.